పెంపుడు పక్షుల్లో ఈకల పీకుడు: కారణాలు, చికిత్స, సంరక్షణ

పెంపుడు పక్షి తన ఈకలను తానే ముక్కుతో లాగి పీక్కోవడం, కొరికి తుంచుకోవడం, కాడలను నమిలి పీచుపీచు చేసుకోవడం పక్షివైద్యంలో తరచూ ఎదురయ్యే చిక్కుల్లో ఒకటి. దీనికి లోనయ్యేవి ముఖ్యంగా చిలుక జాతులు. ఆఫ్రికన్ గ్రే, కాకటూ, మకావ్, ఎక్లెక్టస్, క్వేకర్ చిలుక, లవ్‌బర్డ్ వీటిలో ముందుంటాయి. మన ఊళ్ళలో లవ్‌బర్డ్స్ పేరుతో జతలుగా అమ్మే చిన్న బడ్జీల్లో ఇది తక్కువ. ఇళ్ళలో పెరిగే చిలుకల్లో దాదాపు పదింట ఒకటి ఎప్పుడో ఒకప్పుడు ఈ అలవాటులో పడుతుందని పక్షివైద్యుల అంచనా. ఆఫ్రికన్ గ్రే, కాకటూల్లో ఇంకా ఎక్కువ. అదే అడవిలో స్వేచ్ఛగా తిరిగే చిలుకల్లో ఇది దాదాపు కనబడదు. అసలు సంగతంతా ఈ తేడాలోనే ఉంది.

ఈకలు పీక్కోవడం ఒక రోగం పేరు కాదు, ఒక లక్షణం. మనిషికి వచ్చే జ్వరం వెనక ఉన్నట్టే దీని వెనకా పది రకాల కారణాలు ఉండవచ్చు. ఒంట్లో రోగం ఉండవచ్చు, తిండిలో లోపం ఉండవచ్చు, చర్మం దురద కావచ్చు, ఒంటరితనం కావచ్చు, ఏ పనీ లేకపోవడం కావచ్చు. చాలా పక్షుల్లో ఇవి రెండు మూడు కలిసి పనిచేస్తాయి. పైగా, మొదట ఏదో దురదతో మొదలైన పీకుడు ఆ దురద తగ్గాక కూడా అలవాటుగా మిగిలిపోతుంది. అందుకే 'దీనికి ఏ మందు వేయాలి?' అన్న ప్రశ్నకు ఒక్క ముక్కలో జవాబు దొరకదు. పక్షి ఒంటినీ, దాని రోజునీ రెండింటినీ పరీక్షించాలి.

ఈక, దాని పోషణ

ఈక కూడా మన గోళ్ళ మాదిరిగా కెరటిన్ అనే ప్రోటీన్‌తో తయారవుతుంది. మధ్యలో కాడ, కాడకు రెండు వైపులా సన్నటి పీచులు, ఆ పీచులకు కంటికి ఆనని కొక్కేలు ఉంటాయి. పక్కపక్క పీచులు ఈ కొక్కేలతో ఒకదాన్నొకటి పట్టుకుంటేనే ఈక పలకలా నిలిచి గాలినీ నీటినీ ఆపుతుంది. ఎగిరినా, రాసుకున్నా, తడిసినా ఆ పట్టు విడిపోతుంది. పక్షి ముక్కుతో ఒక్కో ఈకనూ మొదలు నుంచి చివరిదాకా దువ్వి పీచులను మళ్ళీ కలుపుతుంది. ఆరోగ్యంగా ఉన్న చిలుక రోజులో చాలాసేపు ఈ పనిలోనే ఉంటుంది. కొన్ని జాతులు తోక మొదట్లో ఉండే నూనె గ్రంథి నుంచి జిడ్డు తీసి ఈకలకు రాసుకుంటాయి. అమెజాన్ చిలుకలకు ఆ గ్రంథే ఉండదు. ఆఫ్రికన్ గ్రేలకు, కాకటూలకు ఒంటిమీద ప్రత్యేకమైన ఈకలు పొడిగా రాలి తెల్లటి పౌడరు అవుతాయి. ఆ పక్షులున్న గదిలో బల్లల మీద ఎప్పుడూ సన్నటి దుమ్ము కనబడేది అందుకే.

కొత్తగా మొలిచే ఈక ఒక సన్నటి తొడుగులో చుట్టుకుని ముల్లులా బయటికొస్తుంది. పెరిగినంతకాలం దాని కాడలో నెత్తురు పారుతుంది. పూర్తిగా పెరిగాక నెత్తురు వెనక్కి తగ్గి కాడ ఎండుతుంది, తొడుగు పొట్టులా రాలిపోతుంది. ఏటా పాత ఈకలు రాలి కొత్తవి వచ్చే కాలంలో పంజరం అడుగున ఈకలు ఎక్కువగా పడితే భయపడనక్కర్లేదు. ఒంటిమీద ఎక్కడా చర్మం బయటపడకుండా, రెండు వైపులా సమంగా, కొద్దికొద్దిగా రాలితే అది సహజమైన మార్పే.

ఇక్కడ తెలుసుకోవాల్సిన తేడా ఒకటుంది. కొరికి తుంచిన ఈక మొండి చర్మంలోనే ఉంటుంది కాబట్టి, తర్వాతి ఈక మార్పు వచ్చేదాకా ఆ చోట కొత్త ఈక రాదు. మొదలంటా పీకిన చోట మాత్రం కొన్ని వారాల్లో కొత్త ఈక మొలవడం మొదలవుతుంది. అయితే ఒకే చోట నెలల తరబడి, ఏళ్ళ తరబడి పీకుతూ పోతే ఈక మొలిచే కుదురు చెడిపోతుంది. చెడిన కుదురులో ఇక ఈక రాదు. తొందరగా పట్టించుకోవాలని వైద్యులు పట్టుబట్టేది ఈ కారణంగానే.

ఎలా గుర్తుపట్టాలి

మొదట పక్షి తలవైపు చూడాలి. ఏ పక్షీ తన ముక్కుతో తన తలమీది ఈకలను అందుకోలేదు. ఛాతీ, పొట్ట, తొడలు, రెక్కల అడుగు, వీపు బోసిపోయి, తలమీద మాత్రం ఈకలు నిండుగా ఉంటే పీకుతున్నది ఆ పక్షే. తలమీద కూడా ఊడిపోయి ఉంటే రెండు అనుమానాలు. పంజరంలోని జత పక్షి పీకుతూ ఉండాలి, లేదా ఈకలను దెబ్బతీసే రోగమేదో ఉండాలి.

తర్వాత పంజరం అడుగు పళ్ళెంలో పడిన ఈకలను ఏరి, తెల్ల కాగితం మీద పరిచి చూడాలి. వేళకు రాలిన ఈక చివర మొన తేలి, శుభ్రంగా, ఎండి ఉంటుంది. పీచులు చెదరవు. పీకిన ఈక మొదట్లో ఒక్కోసారి తడి, నెత్తుటి చార కనబడతాయి. నమిలిన ఈకలో కాడ మధ్యలో నలిగి వంగి ఉంటుంది, అంచులు రంపపు పళ్ళలా తెగి ఉంటాయి, పీచులు కొన్ని అసలే ఉండవు. కాడ సన్నబడి నొక్కుకుపోయి, లోపల ఎండిన నెత్తురు నల్లగా కనబడితే అది వైరస్ రోగం గుర్తు కావచ్చు. ఈ ఈకలను ఒక కవరులో వేసి వైద్యుడికి చూపిస్తే సగం కథ అక్కడే తెలుస్తుంది. ఇంట్లో ఎవరూ లేనప్పుడు పక్షి ఏం చేస్తోందో ఫోన్ కెమెరా పెట్టి చూడడం కూడా మంచిది. మన ఎదుట బుద్ధిగా ఉండే చిలుక మనం తలుపు వేసుకున్న పది నిమిషాలకు పీకడం మొదలుపెట్టవచ్చు. మనం చూస్తుంటేనే పీకే చిలుకలూ ఉన్నాయి. రెండింటికీ కారణాలు వేరు, చేయాల్సినవీ వేరు.

ఒంట్లో ఉండే కారణాలు

ఒంట్లోని కారణాల్లో పేరుమోసినది ముక్కు, ఈకల రోగం. 1970లలో ఆస్ట్రేలియా కాకటూల్లో గుర్తించిన ఈ రోగానికి కారణం సర్కోవైరస్. ఈకలు వంకరగా మొలవడం, విరిగిపోవడం, ముక్కు మెరుపెక్కి పగుళ్ళు పట్టడం దీని లక్షణాలు. కాకటూల మీద పౌడరు కనబడకుండా పోవడం తొలి గుర్తుల్లో ఒకటి. దీనికి వైరస్‌ను చంపే మందు లేదు. ఈకల దుమ్ములోనే వైరస్ అంటుకుని ఇతర పక్షులకు పాకుతుంది కాబట్టి అనుమానం వస్తే వెంటనే పక్షిని వేరుచేయాలి. 2008లో కనుగొన్న బోర్నావైరస్ చిలుకల నరాలను, జీర్ణాశయాన్ని దెబ్బతీస్తుంది. అది సోకిన కొన్ని పక్షులు కూడా ఈకలు పీక్కుంటాయి.

ఒంటి లోపల నొప్పి ఉన్నచోట పైన ఈకలు పీక్కోవడం చిలుకల్లో కనిపించే తీరు. కాలేయం జబ్బు, గాలి సంచుల్లో ఫంగస్, గుడ్డు పెట్టలేక బాధపడడం, పాత ఎముక దెబ్బ, ఇలాంటివాటిలో సరిగ్గా ఆ భాగం మీదే బోడి మచ్చ పడవచ్చు. కాకటీళ్ళలో జియార్డియా అనే పేగు పరాన్నజీవి విపరీతమైన దురద పుట్టిస్తుంది. జింకు పూత పూసిన చవక పంజరాల కడ్డీలు కొరికే చిలుకలకు లోహ విషం ఎక్కుతుంది. పాత తాళాలు, గంటలు, సీసపు ముక్కలు నోట్లో పెట్టుకున్నా అంతే.

పేలు, పురుగులు అని జనం మొదట అనుమానించేవి నిజానికి ఇంట్లో ఒంటరిగా పెరిగే చిలుకలో అరుదు. అయినా దుకాణదారులు అందరికీ ముందు అమ్మేది పురుగుల చుక్కల మందే. పరీక్ష చేయకుండా ఆ మందు వాడడం వల్ల అసలు కారణం కోసం వెతకాల్సిన వారాలు వృథా అవుతాయి, మోతాదు మించితే పక్షి ప్రాణానికే ముప్పు.

తిండి సంగతి వేరే చెప్పాలి. మన దగ్గర చిలుకంటే పొద్దుతిరుగుడు గింజలు, పచ్చిమిరపకాయ, జామకాయ. పచ్చిమిరపకాయతో తప్పులేదు, చిలుకకు కారం తెలియదు, అందులో విటమిన్లూ ఉన్నాయి. చిక్కంతా పొద్దుతిరుగుడు గింజలతోనే. వాటిలో కొవ్వు ఎక్కువ. విటమిన్ ఏ, కాల్షియం చాలా తక్కువ. ఏళ్ళ తరబడి అవే తింటే చర్మం ఎండి పొట్టు రేగుతుంది, దురద పుడుతుంది, కాలేయానికి కొవ్వు పడుతుంది. ఆఫ్రికన్ గ్రేలలో కాల్షియం పడిపోయి మూర్ఛలు కూడా వస్తాయి.

ముక్కుకు పని లేకపోవడం

రోగాలన్నీ వెతికి కాదనుకున్నాక మిగిలే పక్షులే ఎక్కువ బాధపెడతాయి. అడవిలో చిలుక రోజు ఎలా గడుస్తుందో చూస్తే వాటి బాధ అర్థమవుతుంది. ప్యూర్టోరికో దీవి అడవుల్లో అమెజాన్ చిలుకలను గమనించిన శాస్త్రవేత్తలు అవి రోజుకు 4 నుంచి 6 గంటలు తిండి వెతుక్కోవడానికే వెచ్చిస్తాయని రాశారు. చెట్టు చెట్టుకూ ఎగరాలి, కాయ కోయాలి, కాలితో పట్టి తిప్పాలి, తొక్క చెక్కాలి, గింజ పగలగొట్టాలి. గిన్నెలో తయారు మేత పెట్టిన పంజరపు చిలుక కడుపు నింపుకోవడానికి గంటకు అటూ ఇటూ చాలు. మిగిలిన గంటలన్నీ ఖాళీ. చీల్చడానికి, చెక్కడానికి పుట్టిన ముక్కుకు ఆ గంటల్లో అందుబాటులో ఉండే వస్తువు సొంత ఈక ఒక్కటే.

ఇది ఊహ కాదు. అమెరికాలోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం డేవిస్ ప్రాంగణంలో మీహన్, మిల్లమ్, మెంచ్ 2003లో ప్రచురించిన ప్రయోగం ఈ రంగంలో పెద్ద మలుపు. నారింజ రెక్కల అమెజాన్ చిలుకలు 16 తీసుకుని, విడివిడి పంజరాల్లో ఉంచి, సగం పక్షులకు వెతికి తీసుకోవాల్సిన మేత, ఎక్కడానికి, కొరకడానికి రకరకాల వస్తువులు ఇచ్చారు. మిగతా సగానికి ఖాళీ పంజరం, గిన్నెలో మేత. 48 వారాల్లో ఖాళీ పంజరం పక్షుల ఈకలు చెడిపోయాయి, మొదటి గుంపు ఈకలు బాగున్నాయి. తర్వాత ఆ రెండో గుంపుకు కూడా అవే సదుపాయాలు ఇస్తే వాటి ఈకలూ బాగుపడ్డాయి. అంటే పని ఇవ్వడం వల్ల పీకుడు రాకుండా ఆగుతుంది, వచ్చినదీ తగ్గుతుంది. నెదర్లాండ్స్‌లోని ఉట్రెక్ట్ విశ్వవిద్యాలయంలో అప్పటికే ఈకలు పీక్కుంటున్న ఆఫ్రికన్ గ్రేలకు గొట్టాల్లోంచి తవ్వి తీసుకునేలా మేత పెట్టినప్పుడు కూడా ఇదే ఫలితం వచ్చింది.

2021లో బ్రిటన్ రాయల్ సొసైటీ పత్రికలో మెల్లర్, మేసన్ బృందం 50 జాతులకు చెందిన 1,378 పెంపుడు చిలుకల వివరాలు విశ్లేషించి ప్రచురించింది. అడవిలో ఏ జాతి తిండి ఎంత శ్రమపడి విప్పుకోవాల్సి ఉంటుందో, పంజరంలో ఆ జాతి ఈకలు పీక్కునే అవకాశం అంత ఎక్కువని తేలింది. ఒంటి పరిమాణంతో పోలిస్తే మెదడు పెద్దగా ఉన్న జాతులు అటూ ఇటూ అదే పనిగా ఊగడం, కడ్డీలు కొరకడం లాంటి అర్థంలేని చేష్టల్లో పడుతున్నాయనీ తేలింది. తెలివైన పక్షి కాబట్టి ముద్దుగా ఉంటుందని కొనేవాళ్ళు ఈ రెండో సంగతి కూడా తెలుసుకోవాలి. అమెరికా శాస్త్రవేత్త ఐరీన్ పెప్పర్‌బర్గ్ దగ్గర పెరిగిన అలెక్స్ అనే ఆఫ్రికన్ గ్రే 2007లో చనిపోయేనాటికి రంగులు, ఆకారాలు, చిన్న లెక్కలు చెప్పగలిగేది. అంత బుర్ర ఉన్న ప్రాణిని ఒక గిన్నె, ఒక కర్ర ఉన్న పెట్టెలో కూర్చోబెడితే ఏమవుతుందో ఊహించడం కష్టం కాదు.

ఇల్లు, మనుషులు, రుతువులు

చిలుకలు గుంపు పక్షులు. తల్లిదండ్రుల దగ్గర కాక మనుషుల చేతిలో సిరంజితో మేత తాగి పెరిగిన పిల్ల మనిషినే తన గుంపు అనుకుంటుంది, ఈడొచ్చాక ఒక మనిషిని జతగా ఎంచుకుంటుంది. ఆ మనిషి ఉద్యోగానికో పైచదువుకో వెళ్ళిపోతే, పెళ్ళయి అత్తారింటికి వెళితే పక్షి కుదేలవుతుంది. వీపు మీద, రెక్కల కింద, తోక దగ్గర ముద్దుగా నిమిరితే చిలుక ఒంటికి అది జత కట్టే పిలుపు. కోరిక రేగి తీరే దారి లేక చిరాకుతో ఈకలు పీకుతుంది. నిమరాలంటే తల, మెడ వరకే. చీకటి అరలు, అట్టపెట్టెలు, సోఫా సందులు గూడును తలపిస్తాయి కాబట్టి వాటిలో దూరనివ్వకూడదు.

నిద్ర చాలకపోవడం మన ఇళ్ళలో చాలామంది గమనించని కారణం. భూమధ్యరేఖ దగ్గర పుట్టిన జాతులకు ఏడాది పొడవునా దాదాపు 12 గంటల చీకటి అలవాటు. హాల్లో టీవీ పక్కన పంజరం ఉంటే రాత్రి పదకొండు దాకా వెలుతురు, మాటలు, పొద్దున్నే అయిదింటికి కుక్కర్ విజిల్. రోజుకు 10 నుంచి 12 గంటలు చీకటి, నిశ్శబ్దం ఉన్న గదిలో పడుకోబెడితే కొన్ని పక్షుల్లో ఆ ఒక్క మార్పే తేడా చూపిస్తుంది.

పొగలు మరో సమస్య. అగరుబత్తి, సాంబ్రాణి, దోమల చుట్ట, సిగరెట్టు పొగ, రూమ్ స్ప్రే పక్షి ఊపిరితిత్తులకూ చర్మానికీ పడవు. సిగరెట్టు తాగిన చేతులతో ఎత్తుకున్నా వేళ్ళ మీది నికోటిన్ ఈకలకు అంటుతుంది. అతుక్కోని పూత ఉన్న పెనం బాగా మాడితే వచ్చే వాయువు చిలుకను నిమిషాల్లో చంపగలదు. ఏసీ గదుల పొడిగాలి వర్షారణ్యాల్లో పుట్టిన ఆఫ్రికన్ గ్రే చర్మాన్ని ఎండగడుతుంది. దీపావళి టపాసులు, పక్కింట్లో డ్రిల్లింగ్, కిటికీ అవతల కూర్చునే పిల్లి, పంజరం చోటు మార్చడం, ఇవన్నీ పీకుడు మొదలయ్యేందుకు చాలు.

వైద్యుడు చూసేవి

పక్షిని చూసే పశువైద్యులు మన రాష్ట్రాల్లో తక్కువే, అయినా వెతకాలి. రాజేంద్రనగర్, గన్నవరం, తిరుపతి పశువైద్య కళాశాలల ఆసుపత్రుల్లో అడిగితే దారి చూపుతారు. మంచి వైద్యుడు పక్షిని ముట్టుకునే ముందు చాలాసేపు ప్రశ్నలు అడుగుతాడు. ఎక్కడ కొన్నారు, ఏం తింటుంది, ఎన్నింటికి పడుకుంటుంది, ఇంట్లో ఈ మధ్య ఏం మారింది, ఎప్పుడు పీకుతుంది. తర్వాత బరువు, చర్మం, ఈకల పరీక్ష. అవసరాన్ని బట్టి రెట్ట పరీక్ష, నెత్తురు పరీక్ష, ఎక్స్‌రే, వైరస్‌ల కోసం పీసీఆర్.

కొన్ని కేసుల్లో చర్మం ముక్కలు రెండు తీసి పరీక్షిస్తారు, ఒకటి పీకిన చోటు నుంచి, రెండోది ముక్కు అందని తల నుంచి. అమెరికాలో మైకేల్ గార్నర్ బృందం 2008లో ఈ పద్ధతిలో పరీక్షించిన 408 పక్షుల ఫలితాలు ప్రచురించింది. సగానికి కొంచెం ఎక్కువ పక్షుల్లో చర్మం వాపు రోగం బయటపడింది, మిగిలినవాటిలో పీకుడు వల్ల అయిన గాయమే తప్ప వేరే జబ్బు లేదు. కాకటూలు, ఆఫ్రికన్ గ్రేలు ఎక్కువగా రెండో వర్గంలో ఉన్నాయి, మకావ్‌లు, అమెజాన్‌లు మొదటి వర్గంలో. ఈ ఒక్క లెక్క చాలు, 'మనసు బాగోలేక పీకుతోంది' అని పరీక్ష లేకుండా తేల్చేయడం ఎంత ప్రమాదమో చెప్పడానికి.

ఇంట్లో చేయాల్సినవి

ముందు తిండి మార్చాలి, కానీ నెమ్మదిగా. గింజలకు అలవాటుపడిన చిలుక కొత్త తిండిని తిండిగా గుర్తించక ఆకలితో మాడిపోగలదు. చిలుకలకని తయారైన పెల్లెట్ మేతను పాత గింజల్లో కొద్దికొద్దిగా కలుపుతూ వారాల మీద పెంచాలి. తోటకూర, మునగాకు, క్యారెట్, గుమ్మడి, ఉడికిన చిలగడదుంప, లేత మొక్కజొన్న కంకి రోజూ కొంచెం పెట్టాలి. కొర్ర, సజ్జ కంకులు కంకిగానే కడితే ముక్కుకు పని కూడా అవుతుంది. అవకాడో, చాక్లెట్, కాఫీ, ఉల్లి, వెల్లుల్లి పెట్టకూడదు. గ్రాముల తూకం ఉన్న వంటింటి తక్కెడ మీద రోజూ పొద్దున్న బరువు చూడాలి. ఆఫ్రికన్ గ్రే సాధారణంగా 400 నుంచి 500 గ్రాములు ఉంటుంది. ఉన్న బరువులో పదో వంతు తగ్గితే మార్పు ఆపి వైద్యుడిని అడగాలి.

స్నానం రెండోది. మొక్కలకు చల్లే సీసా కొత్తది కొని, మంచినీళ్ళు పోసి, పక్షి తలకు పైనుంచి వానతుంపరలా పడేట్టు పొద్దున పూట చల్లాలి. ముఖానికి సూటిగా కొట్టకూడదు. మొదట భయపడే పక్షి ముందు నీళ్ళ పళ్ళెం పెట్టి వదిలేస్తే కొన్నాళ్ళకు తానే దిగుతుంది. తడిసిన పక్షి చాలాసేపు ఈకలు సర్దుకుంటుంది, అది పీకుడు కాదు, మంచి పనే. పొద్దుటి లేత ఎండ రోజూ కొంతసేపు తగలాలి, కిటికీ అద్దం గుండా వచ్చే ఎండలో అతినీలలోహిత కిరణాలు చాలవు. బాల్కనీలో పెడితే పంజరంలో సగం నీడ ఉండాలి. రోహిణీ కార్తె ఎండల్లో అసలే పెట్టకూడదు.

అన్నిటికన్నా ముఖ్యం మేతను వెతికించడం. దీన్ని పక్షికి మెట్టు మెట్టుగా నేర్పాలి, నేరుగా చిక్కుముడి ఇస్తే విసుగెత్తి వదిలేస్తుంది. మొదట గిన్నెమీద పల్చటి తెల్ల కాగితం పరిచి, మధ్యలో చిన్న చిల్లు పెట్టాలి. చిల్లులోంచి పక్షికి ఇష్టమైన గింజ కనబడాలి. కాగితం చించి గింజ తీసుకోవడం వచ్చాక చిల్లు లేకుండా పరచాలి. అది కూడా వచ్చాక గింజను కాగితంలో మిఠాయి పొట్లంలా చుట్టి చేతికివ్వాలి, తర్వాత ఆ పొట్లాలను పంజరంలో వేర్వేరు చోట్ల దాచాలి. విస్తరాకు ముక్కలు, మొక్కజొన్న పొట్టు, తాటాకు, కొబ్బరి చిప్ప, కొబ్బరి పీచు, వెదురు గొట్టం, ఇవన్నీ మన ఊళ్ళలో దమ్మిడీ ఖర్చు లేకుండా దొరికే సామాను. వేప, జామ కొమ్మలను పురుగుమందు తగలనివి తెచ్చి, కడిగి, బెరడుతో సహా కడితే చిలుక గంటలకొద్దీ చెక్కుతుంది. గన్నేరు కొమ్మ మాత్రం విషం, దగ్గరికి రానివ్వకూడదు. కొనే బొమ్మల్లో కూడా చీలిపోయేవే పనికొస్తాయి. చిలుక బొమ్మను తుక్కు చేసిందంటే డబ్బు వృథా అయిందని బాధపడొద్దు, ఆ కాసేపు ముక్కు ఈకల జోలికి పోలేదు.

పీకుతుండగా చూసి అరవడం దాదాపు అందరూ చేసే పని. 'వద్దురా' అని పరుగెత్తుకొస్తే, బోడిగా ఉన్నచోట తడిమి జాలిపడితే, పీకితే మనిషి వస్తాడని చిలుక నేర్చుకుంటుంది. పీకినప్పుడు మొహం మార్చకుండా ఉండాలి. బొమ్మతో ఆడుతున్నప్పుడు, కాగితం చించుతున్నప్పుడు, ఊరికే కుదురుగా కూర్చున్నప్పుడు వెళ్ళి పలకరించాలి, ఇష్టమైన గింజ ఇవ్వాలి. ఒక నోటు పుస్తకంలో పీకిన వేళ, దానికి ముందు ఇంట్లో జరిగింది, తర్వాత మనం చేసింది రాసుకుంటే కొన్ని వారాల్లోనే ఒక వరస కనబడుతుంది.

పసుపు, కొబ్బరినూనె, వేపనూనె బోడి మచ్చలకు రాయడం మన ఇళ్ళలో మామూలు. ప్రేమతోనే చేస్తారు, కానీ చేయకూడదు. నూనె తగిలిన ఈకల పీచులు అతుక్కుపోయి ఒంటి వెచ్చదనం పోతుంది, జిడ్డు వదిలించుకోవడానికి పక్షి ఇంకా పీకుతుంది, ఆ నూనె కడుపులోకి పోతుంది. చేదు స్ప్రేల సంగతీ అంతే. కొత్తగా మొలుస్తున్న ఈక విరిగి నెత్తురు కారుతుంటే ఆ చోట మొక్కజొన్న పిండి అద్ది, శుభ్రమైన గుడ్డతో కొన్ని నిమిషాలు అదిమి పట్టాలి. నెత్తురు ఆగకపోతే ఆసుపత్రికే. చలికాలం రాత్రుళ్ళు ఈకలు లేని పక్షికి గదిలో వెచ్చదనం తప్పనిసరి.

మందులు, మెడపట్టీ

తిండి, నిద్ర, పని సరిచేశాక కూడా ఆగని పక్షులకు మనుషుల ఆందోళనకు వాడే మందులు కొన్ని ఇస్తారు. క్లోమిప్రమిన్ మీద అమెరికాలో 2004లో 11 కాకటూలతో, ఉత్తుత్తి మందుతో పోల్చి చేసిన పరీక్షలో ఆరు వారాల్లో మెరుగు కనిపించింది. ఫ్లూఆక్సెటిన్‌తో కొన్ని పక్షులు మొదట తగ్గి మళ్ళీ మొదలుపెట్టాయి. జత కాలపు చిరాకు ఎక్కువగా ఉన్నవాటికి హార్మోన్ మందులు వాడతారు. ఇవేవీ పంజరం మారకుండా ఒంటరిగా పనిచేయవు, వైద్యుడి కొలత లేకుండా ఇవ్వదగినవీ కావు.

మెడచుట్టూ గరాటు పట్టీ వేస్తే పీకుడు ఆగినట్టు కనబడుతుంది, తీయగానే మొదలవుతుంది. పైగా పక్షి దువ్వుకోలేక, తినలేక, అదుపు తప్పి పడిపోతూ ఇంకా భయపడుతుంది. కాకటూలు కొన్ని ఈకలతో ఆగక చర్మాన్ని, ఛాతీ కండను కొరుక్కుంటాయి. అలాంటి ప్రాణాపాయంలో గాయం మానేదాకా పట్టీ వేయక తప్పదు, అది కూడా వైద్యుడే వేయాలి.

చట్టం

రామచిలుక, పెద్ద రామచిలుక, ఎర్రతల చిలుక మన దేశపు పక్షులు. వీటిని పట్టడం, అమ్మడం, కొనడం, పంజరంలో ఉంచుకోవడం 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద నేరం. హైదరాబాద్ పాతబస్తీ ముర్గీ చౌక్‌లో దొరికినా, చిలుక జోస్యుడి చేతిలో ఉన్నా చట్టం అదే. రెక్కలు కత్తిరించి ఇరుకు డబ్బాలో ఉంచిన రామచిలుక ఈకలు పీక్కుంటుంటే దానికి కావాల్సింది బొమ్మలు కాదు. అటవీశాఖకు అప్పగించాలి, వాళ్ళు చికిత్స చేయించి, ఎగరగలిగితే వదులుతారు. సొంతంగా వదిలేస్తే ఎగరలేని పక్షి కాకులకూ పిల్లులకూ బలైపోతుంది.

విదేశీ జాతుల లెక్క వేరు. ఆఫ్రికన్ గ్రేను, వన్యజీవుల అంతర్జాతీయ వ్యాపారాన్ని నియంత్రించే సైటీస్ ఒప్పందం 2016లో జొహానెస్‌బర్గ్‌లో జరిగిన సమావేశంలో అత్యంత రక్షణ ఉన్న మొదటి అనుబంధంలో చేర్చింది, అది 2017 జనవరి 2న అమల్లోకి వచ్చింది. 2022 చట్ట సవరణ తర్వాత, 2024లో వచ్చిన నియమాల ప్రకారం సైటీస్ జాబితాలోని జంతువులను పెంచేవాళ్ళు కేంద్ర పర్యావరణ శాఖ వారి పరివేష్ పోర్టల్‌లో నమోదు చేయించుకోవాలి. పుట్టిన పిల్లలు, చేతులు మారడం, మరణం కూడా తెలియజేయాలి.

ఎంతవరకు నయమవుతుంది

పీకుడు మొదలైన కొద్ది నెలల్లోనే కారణం దొరికిన పక్షులు చాలావరకు కోలుకుంటాయి. రోగం కారణమైతే రోగంతో పాటే తగ్గవచ్చు. ఏళ్ళ తరబడి పీకిన పక్షి పూర్తిగా మానడం అరుదు, జత కాలంలోనో, ఇల్లు మారినప్పుడో మళ్ళీ పీకుతుంది, మళ్ళీ తగ్గుతుంది. ఏ మార్పు చేసినా ఫలితం ఈకల్లో కనబడటానికి నెలలు పడుతుంది. రెండు వారాలకే తేడా లేదని పద్ధతి మార్చేయడం వల్ల చాలా ఇళ్ళలో ఏదీ పనిచేయదు.

కుదుళ్ళు చచ్చిపోయిన ఛాతీ మీద ఈక మొలవదు, దాని కోసం మందు మీద మందు వేయడం పక్షిని హింసించడమే. బోడి ఛాతీతోనే చిలుక కడుపునిండా తిని, బరువు నిలబెట్టుకుని, రాత్రంతా నిద్రపోయి, పగలు కొబ్బరి చిప్ప చెక్కుతూ గడుపుతుంటే, చర్మం మీద కొత్త గాయం లేకపోతే, ఆ చికిత్స ఫలించినట్టే లెక్క.